పదమూడో సంతకం

మూడు దేశాలు చూపిస్తామన్నారు. మూడు దేశాల్లోని దుకాణాలు చూపించారు. వియత్నాంలో ముత్యాల షాపు, వెదురు బట్టల షాపు. లావోస్‌లో వెండి షాపు, పట్టు షాపు. థాయిలాండ్‌లో రంగురాళ్ళ షాపు, తోలు సంచుల షాపు, చివరికి తేనె అమ్మే షాపు కూడా. బస్సు ఆగిన ప్రతిసారీ మా టూర్ మేనేజర్ మైకు పుచ్చుకుని, "ఇది మన ప్రోగ్రాంలో ఉన్నదేనండీ, ఎంట్రీ ఫ్రీ" అనేవాడు. కొట్లోకి పోవడానికి ఎంట్రీ ఫ్రీ అట! నరసరావుపేటలో ఏ కొట్టువాడైనా ఇంతవరకూ గుమ్మంలో నిలబడి టిక్కెట్టు చించాడా?

ఈ సంగతులన్నీ రాసి కంపెనీకి ఫిర్యాదు పంపాలని, ఇల్లు చేరిన మర్నాడే కాగితం ముందు కూర్చున్నాను. ముప్పై ఏళ్ళకు పైగా సర్కారు ఆఫీసులో కాగితాల మధ్యే బతికినదాన్ని. ఏ ముక్క ఎక్కడ రాస్తే ఎవరికి తగులుతుందో నాకు తెలుసు. నాలుగు పేజీలు వచ్చింది. ఆ నాలుగు పేజీలూ నెల రోజులుగా నా బల్ల సొరుగులోనే ఉన్నాయి. ఎందుకున్నాయో చెప్పాలంటే మా మేనత్త దగ్గర మొదలుపెట్టాలి.

మా అత్తను ఇచ్చింది ధరణికోట. ఆమెకు డెబ్బై దాటాయి. మామయ్య పోయాక కూడా మిరపా, పత్తీ దగ్గరుండి చేయించుకుంటున్న మనిషి. వాళ్ళ ఊరి పక్కనే స్తూపం ఉంది. ఉంది అంటే ఇప్పుడు గుండ్రటి దిబ్బ, చుట్టూ నిలబెట్టిన రాళ్ళు, అంతే. ఒకప్పుడు దాని మీద పెద్ద గుమ్మటం ఉండేదట. "ఆ రాళ్ళు తెల్లదొరలు బండ్లకెత్తుకుపోయింది సగమేనంట అమ్మాయ్. మిగతా సగం మనోళ్ళే సున్నం కాల్చుకున్నారంట. మా మామగారి తాత ఇల్లు ఆ సున్నంతో కట్టిందేనంట" అని చెప్పేది అత్త, ఆ పాపంలో తనకూ కాస్త వాటా ఉన్నట్టు.

ఆ దిబ్బను చూడటానికి వేరే దేశాల నుంచి బౌద్ధ భిక్షువులు బస్సుల్లో వస్తుంటారు. చాలా ఏళ్ళ కిందట ఒక ముసలి భిక్షువు అత్త చేను గట్టు మీదికి వచ్చి, దోసిలి పట్టి మంచినీళ్ళు అడిగాడు. అత్త చెంబుతో పోసింది. ఆయన తాగి, అక్కడే మోకాళ్ళ మీద కూర్చుని, నుదురు నేలకు ఆనించి, గుప్పెడు మట్టి తీసి గుడ్డలో మూటకట్టుకున్నాడు. ఆయనది లావోస్ అనీ, వాళ్ళ రాజధానిలో ఒక స్తూపం చెక్కుచెదరకుండా నిలబడి ఉందనీ, దానికి పైనుంచి కిందిదాకా బంగారు పూత అనీ వెంట వచ్చిన గైడు అత్తకు చెప్పాడు.

అప్పటినుంచీ ఆమెది ఒకటే మాట. "మనది కూలిపోయింది గదా. నిలబడింది ఎట్టుంటదో ఒక్కసారి చూడాలే. దాని చుట్టూ మూడుసార్లు తిరిగి రావాలే." కాశీ తీసుకెళ్ళమని అడగలేదు, రామేశ్వరం అడగలేదు. ఇదొక్కటే అడిగింది.

నేను రిటైరైన మరుసటి ఏడు ఆ టూరు కంపెనీ కరపత్రం చేతికొచ్చింది. చిన్న గ్రూపు, తెలుగు మేనేజరు, ఇంటి భోజనం, తొమ్మిది రోజులు, మూడు దేశాలు. లావోస్ అన్నచోట బంగారు స్తూపం ఫొటో. వెంటనే అత్తకు ఫోన్ చేశాను. పాస్‌పోర్టు ఆఫీసులో ఆమె వేలిముద్రలు మిషను పట్టుకోలేదు. ఏళ్ళ తరబడి మిరపకాయల తొడిమలు తీసి తీసి వేళ్ళు నున్నగా అరిగిపోయాయి. నాలుగుసార్లు తుడిచి, అయిదోసారి నేనే వేలు నొక్కిపట్టాను. "ఆ గుడి నన్ను పిలుస్తుంటే ఈ మిషనేందే అడ్డం?" అని అత్త అక్కడున్న వాళ్ళందర్నీ నవ్వించింది.

మొత్తం పదమూడు మందిమి. అందరం పల్నాడువాళ్ళమే. రొంపిచర్ల దగ్గర ఊరి మాజీ సర్పంచ్ ఒకాయన, ఆయన భార్య, బావమరిది దంపతులు, గురజాల నుంచి వాళ్ళ స్నేహితుడి దంపతులు. ఆ ఆరుగురూ ఒక జట్టు. మా వైపు సర్పంచిని ప్రెసిడెంటు అంటారు. పదవి పోయినా ఆ పేరు పోదు. ఇక నేను, అత్త, మాచర్లలో బట్టల కొట్టున్న భాయ్, ఆయన భార్య, నరసరావుపేట లెక్చరర్ దంపతులు, ఒక టీచరమ్మ.

హనోయ్‌లో విమానం దిగి మినీబస్సు దగ్గరికి వెళ్ళేసరికి ప్రెసిడెంటు గారు కిటికీలోంచి చెయ్యి పెట్టి, ముందు సీటు మీద తువ్వాలు వేసేశారు. మా బస్టాండ్లలో అదే రిజర్వేషన్. తువ్వాలు వేసినవాడిదే సీటు, దాన్ని ఎవరూ ముట్టుకోరు. మొదటిరోజు ఊరుకున్నాను. రెండోరోజూ తువ్వాలే. మూడోరోజు సాయంత్రం బస్సు దిగుతూ తువ్వాలు సీటు మీదే వదిలేసి వెళ్ళారు, మర్నాటికి కూడా పనికొస్తుందని. నాకు ఒళ్ళు మండిపోయింది.

"ప్రెసిడెంటు గారూ, సీట్లు రోజూ మారాలని పేపర్లో రాసుంది" అన్నాను.

"పేపర్లో చానా రాస్తారమ్మా. తువ్వాలు కనపడ్లా నీకు?"

"ఇది మాచర్ల బస్సు కాదు."

"ఏ బస్సయితే ఏంది? బస్సు బస్సే."

మర్నాడు పొద్దున్నే అందరికన్నా ముందు బస్సెక్కి, ఆ తువ్వాలు మడిచి వెనకాల ఆఖరి సీటు మీద పెట్టి, ముందు సీట్లో అత్తను కూర్చోబెట్టాను. ప్రెసిడెంటు గారు ఎక్కి చూశారు. ఏమీ అనలేదు. వెనక్కి పోయి కూర్చున్నారు. ఆయన అనకపోవడమే యుద్ధం మొదలైనట్టని పల్నాట్లో పుట్టిన ఎవరికైనా తెలుసు.

ఆరోజు నుంచి వాళ్ళ గోంగూర పచ్చడి సీసా నడవా దాటి ఇటు రాలేదు. మా కందిపొడి అటు పోలేదు. వాళ్ళు ఫొటో దిగేచోట మేము దిగలేదు. మేము టీకి ఆగుదామంటే వాళ్ళు కాఫీకి అన్నారు. లావోస్ చేరేసరికి పదమూడు మంది బస్సులో రెండు ఊళ్ళున్నాయి. మా ఊరికి నాయకురాలిని నేనేనని ఎవరూ చెప్పలేదు, నాకే తెలిసిపోయింది. అత్త మాత్రం వాళ్ళ గోంగూరా తినేది, మా కందిపొడీ తినేది. ప్రెసిడెంటు గారు "పెద్దమ్మా, అలిసిపోయావా?" అంటే "నాకేం నాయనా, దున్నపోతులా ఉన్నా" అని నవ్వేది. ఆమె నవ్వితే కూడా నాకు కోపం వచ్చేది. ఇంత జరుగుతుంటే వాళ్ళతో మాటలేమిటని!

లావోస్ రాజధానిలో రైలు దిగేసరికి మధ్యాహ్నం రెండు దాటింది. మర్నాడు పొద్దున్నే నది మీది వంతెన దాటి థాయిలాండ్‌లోకి పోవాలి. బస్సు కదలగానే మేనేజర్ మైకు అందుకున్నాడు.

"ఇవాళ రెండు ప్రోగ్రాంలున్నాయండీ. గోల్డెన్ స్తూపా ఒకటి, సిల్క్ సెంటర్ ఒకటి. టైము చూస్తే ఒక్కదానికే సరిపోద్ది. స్తూపా నాలుగింటికి మూసేస్తారు. సిల్క్ సెంటర్ ఇప్పుడు చూసేసుకుంటే, స్తూపా రేపు పొద్దున బ్రిడ్జికి పోయే దారిలో ప్రశాంతంగా చూసుకోవచ్చు. మీ ఇష్టం."

ప్రెసిడెంటు గారు లేచి నిలబడ్డారు. రచ్చబండ మీద నిలబడ్డట్టు చెయ్యి ఊపుతూ, "గుడికే పోదాం. ఇంతదూరం వచ్చి చీరల కొట్టేంది? చీరలు మంగళగిరిలో లేవా? ముందు గుడి, తర్వాతే ఏదైనా" అన్నారు.

ఆయన చెప్పింది నూటికి నూరుపాళ్ళూ సరైన మాట. నేను చెప్పాల్సిన మాట. కానీ ఆయన నోటి నుంచి వచ్చింది. నాకు ఎక్కడో కాలింది. 'ఈయన చెప్పినట్టు బస్సంతా నడవాలా?' అనే ఒక్క ఆలోచన తప్ప నా బుర్రలో ఇంకేమీ లేదు.

నేనూ లేచాను. "ఇప్పుడు హడావిడిగా పోతే గేటు దగ్గర్నించే వెనక్కి పంపుతారు. రేపు పొద్దున తాపీగా చూద్దాం. ఇప్పుడు సిల్క్ సెంటర్‌కి పోదాం" అన్నాను. చూడండి, షాపుల మీద నాలుగు పేజీలు రాసినదాన్ని, ఆ షాపుకు పోదామన్నది నేనే.

"అయితే చేతులెత్తండి. మెజారిటీ ఎటుంటే అటు" అన్నారు ప్రెసిడెంటు గారు. మా వాళ్ళకు ఇది అలవాటే కదా. పెళ్ళి విందులో కూరల దగ్గర్నించీ పొలం గట్టు తగాదాల దాకా ఇదే పద్ధతి.

గుడికి అన్నవాళ్ళు ఆరుగురు. షాపుకి అన్నప్పుడు నేను చెయ్యెత్తాను. భాయ్ దంపతులు ఎత్తారు. లెక్చరర్ దంపతులు ఎత్తారు. టీచరమ్మ ఎత్తింది. నా పక్కన, వేళ్ళు నున్నగా అరిగిన చెయ్యి ఒకటి నెమ్మదిగా పైకి లేచింది. ఏడు. ఆ చెయ్యి చూసి నేను గర్వపడ్డాను. మా అత్త నా పక్షాన నిలబడిందనుకున్నాను. ఆమె ముఖం వైపు చూడనే లేదు. ప్రెసిడెంటు గారి ముఖం ఎట్లా ఉందో చూడటానికి వెనక్కి తిరిగాను.

పట్టు షాపులో రెండు గంటలున్నాం. మగ్గం నేసి చూపించారు, పూల టీ ఇచ్చారు, బట్టలు భుజాల మీద కప్పి అద్దం ముందు నిలబెట్టారు. నేను ఒక కండువా కొన్నాను. ఇప్పటికీ దాన్ని కవర్లోంచి తీయలేదు. ఆ హడావిడిలో భాయ్ నా దగ్గరికి వచ్చాడు.

"మేడమ్, పెద్దమ్మ తలుపు దగ్గర ఒక్కతే కూర్చుంది. ఆ గుడి కోసమే ఈ టూరుకొచ్చానని రైల్లో నాతో చెప్పింది. మనం తప్పు చేశామేమో?"

"రేపు పొద్దున చూపిస్తాం కదా భాయ్" అన్నాను.

'రేపు' అన్న మాటను నమ్మాను. నేను! కౌంటర్ వెనక కూర్చుని, పనుల కోసం ఊళ్ళ నుంచి బస్సెక్కి వచ్చిన రైతులకు ముప్పై ఏళ్ళు "రేపు రండి" అని చెప్పినదాన్ని. ఆ మాటకు అర్థం నాకు తెలియక ఇంకెవరికి తెలుస్తుంది? మేనేజర్ ఆ మాట అన్నప్పుడు అతని గొంతు అచ్చం నా గొంతులాగే ఉంది. అయినా పట్టుకోలేకపోయాను.

మర్నాడు అత్త తెల్లవారకముందే లేచి తలస్నానం చేసింది. ఈ గుడి కోసమని దాచుకున్న కొత్త నేతచీర కట్టుకుంది. లోపల చెప్పులు వదలాలట అని, తేలిగ్గా విడవడానికి హవాయి చెప్పులు వేసుకుంది. అల్పాహారం కూడా ముట్టలేదు. "తిరిగొచ్చాక తింటాలే" అంది.

బస్సు కదిలిన పది నిమిషాలకు మేనేజర్ లేచాడు. వంతెన దగ్గర లైను పెద్దదిగా ఉందని ఇప్పుడే ఫోనొచ్చిందట. అవతల విమానం తప్పిపోతుందట. "స్తూపా దగ్గర ఆగే టైము లేదండీ. కానీ దాని ముందు నుంచే పోతాం. బస్సులోంచి బ్రహ్మాండంగా కనపడుద్ది" అన్నాడు.

నేను అరిచాను. జీవితంలో ఎప్పుడూ అంత గట్టిగా అరవలేదు. కరపత్రం తీసి అతని ముఖం ముందు పెట్టాను. బస్సు ఆపమన్నాను, పోలీసుల్ని పిలవమన్నాను, వినియోగదారుల కోర్టు అన్నాను. "మేడమ్, నిన్న మీరే కదా షాపు అన్నారు" అన్నాడతను, తాపీగా. వాడిని అక్కడికక్కడే చెంప పగలగొట్టాలనిపించింది. నిజం చెప్పాడు మరి.

అప్పుడు ప్రెసిడెంటు గారు లేచారు. ఆరోజు ముందు సీటు మళ్ళీ ఆయనదే. తువ్వాలు తీసి భుజాన వేసుకుని, "పెద్దమ్మా, ఇట్రా. ఇక్కడ కూర్చో. ముందద్దంలోంచి బాగా కనపడుద్ది" అన్నారు. అత్త చెయ్యి పట్టుకుని నడిపించి కూర్చోబెట్టి, తను మెట్ల దగ్గర రాడ్డు పట్టుకుని నిలబడ్డారు. నన్ను ఒక్క మాట అనలేదు. ఒక్కసారి అని ఉంటే నాకు ఎంత హాయిగా ఉండేదో!

పెద్ద మైదానం అవతల స్తూపం కనిపించింది. ఎండ పడి మొత్తం మెరుస్తోంది. సిగ్నల్ దగ్గర బస్సు కాసేపు ఆగింది. అత్త లేచి నిలబడి రెండు చేతులూ జోడించింది. సిగ్నల్ పడింది, బస్సు కదిలింది. అత్త తల తిప్పి, మొదట పక్క అద్దంలోంచీ, తర్వాత వెనక అద్దంలోంచీ చూస్తూనే ఉంది. కనిపించడం మానేశాక కూర్చుంది. చుట్టూ తిరగడం కుదరలేదు.

వంతెన దగ్గర లైనూ లేదు, ఏమీ లేదు. మా ముందు రెండే రెండు బస్సులు. పావుగంటలో స్టాంపు వేసి పంపించారు. ఆ పావుగంట నేను మర్చిపోను. అవతలి ఒడ్డున దిగగానే ఆ తేనె షాపులో గంట కూర్చోబెట్టారు. విమానం తప్పిపోతుందన్న పెద్దమనిషి అక్కడ కుర్చీ వేసుకుని టీ తాగుతున్నాడు. అందుకే రాశాను నాలుగు పేజీలు. ఇప్పటికీ నాకు ఆ కోపం తగ్గలేదు, తగ్గాలని కూడా లేదు.

ఫిర్యాదు కింద అందరి సంతకాలూ ఉండాలని ఊళ్ళు తిరిగాను. మాచర్లలో భాయ్ కొట్టు కట్టేసి మరీ కూర్చుని చదివి, తనూ భార్యా సంతకం పెట్టారు. ప్రెసిడెంటు గారింటికి వెళ్ళడానికి రెండు రోజులు జంకాను. ఆయన ఆరు సంతకాలూ తనే దగ్గరుండి చేయించారు. "వాడిని వదలమాకమ్మా" అన్నారు. ఆయన భార్య నాకు గోంగూర పచ్చడి సీసా ఇచ్చింది. లెక్చరర్ దంపతులవీ, టీచరమ్మదీ, నాదీ కలిపి పన్నెండు సంతకాలయ్యాయి. ఆఖరికి ధరణికోట బస్సెక్కాను.

అత్త వాకిట్లో గోనెపట్టా పరిచి, కుప్ప ముందు కూర్చుని మిరపకాయల తొడిమలు తీస్తోంది. నాలుగు పేజీలూ చదివి వినిపించాను. షాపుల వరస, అబద్ధపు లైను, తేనె కొట్టులో గంట, అన్నీ. అత్త మధ్యలో ఒకటి రెండుసార్లు "అవునవును" అంది. చదవడం అయ్యాక చేతులు కొంగుకు తుడుచుకుంది గానీ పెన్ను అందుకోలేదు.

"బాగా రాశావు. చేతులెత్తింది రాయలేదేందే?"

"అది వాళ్ళకెందుకత్తా? మన కేసు బలహీనమవుతుంది."

"అది లేకుండా నేను సంతకం పెట్టను. మనం చెయ్యెత్తితేనే వాడు బస్సు తిప్పింది. ఆరూ ఏడూ. నేనెత్తకపోతే?"

అప్పుడడిగాను. టూరు నుంచి వచ్చిన దగ్గర్నించీ నన్ను తొలుస్తున్న ప్రశ్న. అడిగానంటే అడగలేదు, అరిచాను. "అసలు నువ్వెందుకెత్తావత్తా? నిన్నెవరెత్తమన్నారు? ఆ గుడి కోసమే కదా నువ్వొచ్చింది!"

అత్త నావైపు వింతగా చూసింది. ఇంత చదువుకుని ఇదేం తెలియనితనం అన్నట్టు.

"నువ్వెత్తావు గదే. నీ పక్కన కూర్చుని నేనే ఎత్తకపోతే, ఆ నలుగురిలో నీ మాట ఏం గాను?"

మళ్ళీ కుప్ప ముందుకు జరిగి తొడిమలు తీయడం మొదలుపెట్టింది. నేను కాగితాలు సంచిలో పెట్టుకుని వచ్చేసి, బల్ల సొరుగులో పడేశాను.

నెల తర్వాత, ఇవాళ పొద్దున వాటిని సొరుగులోంచి తీశాను. మొదట 'మాలో ఏడుగురు చేతులెత్తారు' అని రాశాను. కొట్టేశాను. 'పంతానికి పోయి నేను చెయ్యెత్తాను. నా మాట పోకూడదని మా అత్త ఎత్తింది' అని రాశాను. మేనేజర్ మీద రాసిన నాలుగు పేజీల్లో ఒక్క అక్షరం తీసేయలేదు. పదకొండు గంటల బస్సుకు ధరణికోట వెళ్తున్నాను. ముందు సంతకం పెట్టిస్తాను. తర్వాత వాళ్ళ ఊరి స్తూపం దిబ్బ చుట్టూ మూడుసార్లు తిరగడానికి నన్ను తోడు రానిస్తావా అని అడుగుతాను.